షోకాజు నోటీసు అందుకున్న అల్లుడికి

సిరిసిల్ల



నువ్వు ఫోన్లో పంపిన నోటీసును ప్రింటు తీయించుకుని చదివాను. చదవడానికి పెద్దగా ఏమీ లేదు. రిజిస్ట్రేషన్ ఎందుకు రద్దు చేయకూడదో చెప్పమనే జీఎస్టీ రెజ్-17 ఫారం. కారణం అన్నచోట ఒక్కటే వరుస: చెప్పిన చిరునామాలో వ్యాపారం కనబడలేదట. ఎవరు వచ్చారు, ఏ రోజు వచ్చారు, ఎవరిని అడిగారు, ఒక్క ముక్క లేదు. రిజిస్ట్రేషన్ సస్పెండు చేసిన మాట మాత్రం స్పష్టంగా ఉంది.

మీ సూరత్ బమ్రోలి ఖాతాల్లో, అంటే నేత కార్ఖానాల్లో, లెక్కలు రాసినవాణ్ణి కనుక ఏం జరిగిందో ఊహించగలను. ఒకే కాంపౌండు, లోపల వరుసగా షెడ్లు, బయట ఒక్క బోర్డూ ఉండదు. మరమగ్గం సాంచాల మోతలో పక్కవాడి మాట వినబడదు. వచ్చినాయన నీ ఫర్మ్ పేరు చెప్పి అడిగితే సాంచా నడిపే గంజాం పిల్లగాడు ఏం చెబుతాడు? వాడికి సేఠ్ తెలుసు, ఫర్మ్ తెలియదు. లేదన్నాడు. ఆయన లేదని రాసుకుని పోయాడు.

ఇందులో నీ తప్పూ ఉంది. జీఎస్టీ నంబరు బోర్డు మీద కనబడాలని, సర్టిఫికెట్ గోడకు ఉండాలని రూల్ 18 చెబుతుంది. బోర్డు ఇవాళే పెట్టించు. గుజరాతీలోనూ రాయించు.

ఇక అసలు పని. నోటీసుకు జవాబివ్వడానికి నీకున్నది ఏడు పని దినాలు. ‘సాహెబ్‌ను కలిసొద్దాం, అయిపోతుంది’ అనేవాళ్లు ఇప్పటికే నీ చుట్టూ చేరి ఉంటారు. వాళ్ల వెంట పోకు. కలిసొచ్చిన మాటకు రేపు రుజువుండదు. జవాబు రెజ్-18లో, పోర్టల్ మీద, నీ చేత్తోనే పెట్టు. ఆ అక్‌నాలెడ్జ్‌మెంట్ దాచు. కన్సల్టెంటు మెయిలుకు వచ్చే నోటీసులు నీకు చేరవు, లాగిన్‌లో నీ మెయిలూ నంబరూ పెట్టించు. పెండింగ్ రిటర్నులుంటే ముందు అవి దాఖలు చెయ్యి, లేకపోతే అదో కొత్త కారణమవుతుంది.

జవాబులో బతిమాలడం వద్దు. అద్దె ఒప్పందం, కరెంటు బిల్లు, ఆ షెడ్డుకే దిగిన నూలు బిల్లులు, ఈ-వే బిల్లులు, తాకాలు (బట్ట చుట్టలు) పేర్చి ఉన్న ఫొటోలు జత చెయ్యి. తనిఖీ చేసిన అధికారి 15 పని దినాల్లో ఫొటోలతో సహా రెజ్-30లో రిపోర్టు ఎక్కించాలి. దాని నకలు ఇవ్వమని రాతపూర్వకంగా అడుగు. స్వయంగా హాజరై చెప్పుకునే అవకాశమూ అడుగు. అవకాశమివ్వకుండా రద్దు చేయరాదని జీఎస్టీ చట్టం 29వ సెక్షనే చెబుతోంది. వెనక తేదీ నుంచి రద్దు చేసే అధికారం కూడా అందులోనే ఉంది. అలా చేస్తే నీ దగ్గర కొన్న రింగ్ రోడ్డు వ్యాపారుల పన్ను క్రెడిట్‌కు ఎసరు వస్తుంది, వాళ్లు నీ బాకీ ఆపేస్తారు. అందుకే వెనక తేదీకి అభ్యంతరం ఈ జవాబులోనే ఉండాలి.

నకలు ఎందుకు అంత పట్టుపట్టమంటున్నానో చెబుతాను. యుద్ధకాలపు కంట్రోళ్లు ఇంకా నడుస్తున్న రోజుల్లో సిలోనులో నక్కుడ అలీ అనే బట్టల వ్యాపారి లైసెన్సును టెక్స్‌టైల్స్ కంట్రోలర్ రద్దు చేశాడు. లండన్ ప్రివీ కౌన్సిల్ దాకా పోతే, ఇది ఇచ్చిన లైసెన్సును వెనక్కి తీసుకోవడమే, కంట్రోలర్ జడ్జిలా నడుచుకోనక్కరలేదు అన్నారు. 1951 నాటి లా రిపోర్టుల్లో ఉందీ తీర్పు. తర్వాత ఇంగ్లండులోనే 1963లో హౌస్ ఆఫ్ లార్డ్స్ ఆ ధోరణిని తప్పుపట్టింది.

మన సుప్రీంకోర్టులో 1960 నాటి ఫెడ్‌కో కేసు చూడు. మోసం చేసి తెచ్చుకున్నావని దిగుమతి లైసెన్సు రద్దు చేశారు. కంపెనీ వివరాలు, కాగితాలు చూపమంది. చెప్పినది చాలన్నారు మిగతా జడ్జీలు. చాలదన్నది ఒక్క జస్టిస్ కోకా సుబ్బారావు గారే. ఆంధ్ర హైకోర్టు తొలి ప్రధాన న్యాయమూర్తి ఆయన. చూడని కాగితానికి ఎవడైనా ఏం జవాబు చెబుతాడు? నా లెక్కలో ఆ రోజు సరైన మాట అన్నది ఆయనే. 2023లో రాజేశ్ అగర్వాల్ కేసు, మన తెలంగాణ హైకోర్టు నుంచి వెళ్లినదే, బ్యాంకు ఎవరినైనా మోసగాడని ముద్ర వేసే ముందు ఆడిట్ రిపోర్టు చూపి, చెప్పుకోనివ్వాలని సుప్రీంకోర్టు చేత చెప్పించింది.

నీకు అన్నిటికన్నా దగ్గరిది అగర్వాల్ డైయింగ్ అండ్ ప్రింటింగ్ వర్క్స్ కేసు, 2022 ఫిబ్రవరి, గుజరాత్ హైకోర్టు. కారణాలు లేని నోటీసులు, కారణాలు లేని రద్దు ఆర్డర్లు కొట్టేశారు. పోర్టల్‌లోని లోపాలు సరిచేసేదాకా వివరంగా రాసిన నోటీసులు రిజిస్టర్డ్ పోస్టులో పంపమన్నారు. దీన్ని జవాబులో పేరుతో సహా ఉదహరించు. అయితే కోర్టు నిన్ను నిర్దోషి అనదు, మళ్లీ పద్ధతిగా నోటీసివ్వమని ఫైలు తిప్పి పంపుతుంది, అంతే. అందాకా వ్యాపారం ఆగిందే. కనుక కోర్టు చివరి మెట్టు. జవాబిచ్చినా రద్దయితే ఆర్డరు అందిన 90 రోజుల్లో పునరుద్ధరణకు, కాదంటే మూడు నెలల్లో అప్పీలుకు పోవచ్చు.

రద్దు ఆర్డరు వస్తే అక్షరం అక్షరం చదువు. ఢిల్లీ హైకోర్టుకు చేరిన కొన్ని ఆర్డర్లలో పై వరుసలో ‘మీ జవాబు చూశాం’ అనీ, కింది వరుసలో ‘జవాబివ్వలేదు’ అనీ ఉంది. ఫారం దానంతటదే నింపుకుంటుంది, సంతకం పెట్టేవాడు చదవడు.

ఒక్కటి మాత్రం చెయ్యకు. సస్పెన్షన్‌లో ఉండగా పక్కవాడి బిల్లు మీద సరుకు పంపితే ఇవాళ లేని తప్పు రేపు నిజంగానే ఉంటుంది. తాకాలు గోదాములో ఉండనీ. కూలీల వారం డబ్బు తక్కువైతే నన్నడుగు, మీ అమ్మకు చెప్పకు.

జవాబు ఎక్కించే ముందు రాత్రి నాకు పంపు, చదివి చెబుతాను.

ఇట్లు
మీ మామ