‘బ్యాండికూట్’ మన పందికొక్కే

ఈసారి ఉత్తరాలు ఎక్కువగా ఒకే పేట నుంచి, ఒకే మాట మీద వచ్చాయి. పేట ఎస్.ఆర్. నగర్, మాట ‘బ్యాండికూట్’. ఉత్తరాలు రాసినవాళ్ళలో హాస్టళ్ళలో ఉంటూ అమీర్‌పేట కోచింగ్ సెంటర్లకు తిరిగే పిల్లలున్నారు, సంసారాలు చేసుకుంటున్నవాళ్ళున్నారు, పెద్దవాళ్ళూ ఉన్నారు. మిగతా సందేహాలను వచ్చే సంచికకు ఉంచి, ఈసారి చోటంతా ఈ ఒక్క మాటకే ఇస్తున్నాను.

ప్రశ్న: పోటీ పరీక్షలకు చదువుతున్నాను. మా పదాల పుస్తకంలో ‘బ్యాండికూట్’ అంటే ‘ఆస్ట్రేలియాలో ఉండే సంచి జంతువు’ అని ఉంది. ఒక ఇంగ్లీషు పేపర్లో చూస్తే మన దగ్గరి ఆసుపత్రి వార్డులో బ్యాండికూట్లు తిరుగుతున్నాయని రాశారు. ఆస్ట్రేలియా జంతువు ఇక్కడికెలా వచ్చింది? అసలు అర్థం ఏది?
– ఒక విద్యార్థి, ఎస్.ఆర్. నగర్

జవాబు: జంతువు అక్కడి నుంచి రాలేదు నాయనా, మాటే ఇక్కడి నుంచి అక్కడికి వెళ్ళింది. బ్యాండికూట్ అంటే పందికొక్కు. అర్థం అదని చెప్పడమే కాదు, ఆ ఇంగ్లీషు మాట పుట్టిందే మన పందికొక్కులోంచి. ఇంగ్లీషు నిఘంటువుల్లో ఈ పదం పక్కన ‘తెలుగు నుంచి’ అని ఉంటుంది, తెరిచి చూడండి. ఇంగ్లీషువాళ్ళ నోట నలిగిన భారతీయ పదాలను పోగుచేసి యూల్, బర్నెల్ అనే ఇద్దరు 1886లో ‘హాబ్సన్-జాబ్సన్’ అనే పెద్ద నిఘంటువు తెచ్చారు. అందులోనూ ఇది తెలుగు ‘పందికొక్కు’ అనే ఉంది, ‘పంది ఎలుక’ అని విడమరిచి మరీ.

‘ప’ ‘బ’ ఎందుకైందని అడుగుతారేమో. అరచెయ్యి నోటి ముందు పెట్టుకుని ‘పంది’ అనండి. చేతికి గాలి తగలదు. ఇంగ్లీషువాళ్ళు తమ మాట మొదట్లో ‘ప’ పలికితే గాలి బలంగా కొడుతుంది, దాదాపు మన ‘ఫ’లో ఉన్నంత. గాలి లేని మన ‘ప’ వాళ్ళ చెవికి ‘బ’లా వినిపిస్తుంది. పంది ‘బ్యాండి’ అయింది అలాగే. ‘కొక్కు’ ఏమో ‘కూట్’గా మారింది. సంజీవరెడ్డి నగర్ అందరి నోళ్ళలో ఎస్సార్ నగర్ అయిపోలేదా, ఇదీ అంతే. పలికేటప్పుడు మొదటి అక్షరం మీద ఊనిక ఉంచండి: బ్యాం-డి-కూట్.

ఇంగ్లీషు కంపెనీ వర్తకులు 1611లో మచిలీపట్నంలో దిగారు, 1639లో మద్రాసులో స్థలం సంపాదించారు. రెండుచోట్లా వాళ్ళ చుట్టూ తెలుగు మాట వినిపించేది. గిడ్డంగులు నింపుకున్నవాడికి పందికొక్కుతో పరిచయం కావడానికి ఎన్నాళ్ళు పడుతుంది? 18వ శతాబ్దం ముగిసేలోపే ఈ మాట వాళ్ళ పుస్తకాలకెక్కింది. ఈ పేరు తెలియకపోయినా ఈ జంతువును చూసి దడుచుకున్న విదేశీయులు అంతకు చాలా ముందే ఉన్నారు. 14వ శతాబ్దంలో వచ్చిన యాత్రికుడు ఇబన్ బతూతా దౌలతాబాద్ కోట చెరసాలలో పిల్లుల కంటే పెద్ద ఎలుకలున్నాయనీ, వాటిని చూసి పిల్లులే పారిపోతాయనీ రాశాడు.

ఆస్ట్రేలియా సంగతికి వద్దాం. 1799లో జార్జ్ బాస్ అనే నావికుడు అక్కడ పొడుగు ముట్టెతో నేల తవ్వుకుంటున్న ఒక చిన్న జంతువును చూసి, భారతదేశంలో ఉన్నదాని పేరే దానికీ పెట్టాడు. పేరు నిలిచిపోయింది కానీ రెండింటికీ చుట్టరికం ఏమీ లేదు. మనది ఎలుక జాతి. అక్కడిది కంగారూలా పొట్టకు సంచి ఉన్న జంతువు. ఆ సంచి నోరు వెనక్కి తిరిగి ఉంటుంది, తల్లి నేల తవ్వేటప్పుడు పిల్లల మీద మట్టి పడకుండా. కొన్ని రకాల్లో గర్భం పన్నెండున్నర రోజులే. ఆ వర్గంలోనే గిట్టల్లాంటి వేళ్ళున్న రకం ఒకటి ఉండేది. దాన్ని ‘పిగ్-ఫుటెడ్ బ్యాండికూట్’ అన్నారు. తెలుగులోకి తెస్తే ‘పందికాళ్ళ పందికొక్కు’! ఆ మాట లోపల అప్పటికే ఒక పంది ఉందని వాళ్ళకు తెలియక రెండో పందిని చేర్చారు. ఆ జంతువు 20వ శతాబ్దం నడిమికల్లా అంతరించింది.

పరీక్షలో రెండు అర్థాలూ రాయండి. ఒక్కటే రాయాల్సివస్తే వాక్యంలో చోటు చూసుకోండి. ధాన్యం, గోడౌన్, డ్రైనేజీ ఉంటే మనది. అడవి, సంచి, సిడ్నీ ఉంటే వాళ్ళది. అనుమానం రాకూడదనుకుంటే మనదాన్ని ‘బ్యాండికూట్ ర్యాట్’ అనండి, ఇంగ్లీషువాళ్ళూ అలాగే అంటారు. శాస్త్రజ్ఞులు దీని ప్రజాతికి 1873లో ‘బాండికోటా’ అని పేరు పెట్టారు. అంటే మన పందికొక్కు లాటిన్ వేషం కూడా కట్టింది.

ప్రశ్న: నేను తెలుగు నుంచి ఇంగ్లీషుకు వార్తలు అనువదిస్తాను. ‘ప్రజల సొమ్మును పందికొక్కుల్లా మేశారు’ అని ఒక నాయకుడి ప్రసంగంలో వచ్చింది. ‘లైక్ బ్యాండికూట్స్’ అని రాశాను. డెస్కులో కొట్టేశారు. నా తప్పేమిటి?
– ఒక పాఠకురాలు, పంజాగుట్ట

జవాబు: మాట తప్పు కాదమ్మా, అది దాటలేని ఏరు ఒకటుంది. మనకు పందికొక్కు అనగానే గాదె గుర్తొస్తుంది. ‘గాదె కింద పందికొక్కు’ అన్నామంటే, ఒకరి కష్టంతో నిండినదాన్ని అడుగు నుంచి కనబడకుండా తినేవాడని అర్థం. పొలంలో కంకులు కోసుకుపోయి బొరియలో దాచుకుంటుంది, ఇంట్లో బస్తాకు కింది నుంచి చిల్లు పెడుతుంది. పైకి బస్తా నిండుగానే కనబడుతుంది, ఎత్తితే గానీ నష్టం తెలియదు. అవినీతికి ఇంతకంటే సరిపోయే పోలిక నాకు తెలిసి మరొకటి లేదు. కానీ ఇంగ్లీషు బ్యాండికూట్‌కు మన గాదె లేదు. లండన్ పాఠకుడికి ‘లైక్ బ్యాండికూట్స్’ అంటే ఏదో జంతువు గెంతినట్టుంటుంది, దొంగతనం కనబడదు. అక్కడ ‘గార్జ్‌డ్ ఆన్ పబ్లిక్ మనీ’ అని భావం తెచ్చుకోవడమే మేలు. పాఠకులు భారతీయులే అయితే మాత్రం బ్యాండికూట్‌ను ఉంచమని డెస్కుతో వాదించండి. మీ పక్షాన నేనున్నాను.

ఆస్ట్రేలియా ఇంగ్లీషులో ఈ మాటకు వేరే జీవితం ఉంది. అక్కడ ‘బ్యాండికూట్’ క్రియ కూడా. పైన ఆకు కదలకుండా, మొక్క నిలబడి ఉండగానే, కింది నుంచి బంగాళదుంపలు తవ్వుకుపోవడాన్ని ‘బ్యాండికూటింగ్’ అంటారు. తోట యజమాని వచ్చి చూస్తే మొక్కలన్నీ పచ్చగానే ఉంటాయి, దుంపలే ఉండవు. మన గాదె కింద పందికొక్కు చేసే పని కూడా ఇదే కదా! జంతువులు వేరు, దేశాలు వేరు, భావం మాత్రం ఒకే చోటికి వచ్చింది. దిగులుగా ఉన్నవాణ్ణి ‘బ్యాండికూట్ అంత దిగులుగా’ ఉన్నాడనడం కూడా వాళ్ళకు అలవాటే. మన పందికొక్కుకు దిగులు ఎన్నడూ అంటలేదు.

రెండేళ్ళ కిందటి సంగతి. ఒక రోజు పొద్దున్నే మా సెల్లార్‌లో కారు స్టార్ట్ కాలేదు. మెకానిక్ బానెట్ ఎత్తాడు. వైరు మీది ప్లాస్టిక్ తొడుగు ముక్కలు ముక్కలుగా రాలి ఉంది, రాగి తీగ బయటపడి మెరుస్తోంది. ‘ఘూస్ కొరికింది సార్’ అన్నాడు అతను. ‘పందికొక్కు సార్, మొన్న రాత్రి నేను చూసిన’ అన్నాడు వాచ్‌మన్. ఆ మధ్యాహ్నం ఇన్సూరెన్స్ ఫారంలో నేను ‘బ్యాండికూట్’ అని రాశాను. ఒక్క జంతువుకు ఒక్క పూటలో మూడు పేర్లు. ఆ దక్కనీ, హిందీ ‘ఘూస్’కే లంచమని ఇంకో అర్థం కూడా ఉంది. అనువాదకులు మీరు, ఆ సంగతి కూడా గుర్తుంచుకోండి.

ప్రశ్న: మా అబ్బాయి ఆడే ‘క్రాష్ బ్యాండికూట్’ గేములో ఉన్నది పందికొక్కా? వాడు ఒప్పుకోవడం లేదు.
– ఒక తల్లి, ఎస్.ఆర్. నగర్

జవాబు: మీ అబ్బాయిదే గెలుపు. 1996లో వచ్చిన ఆ గేములోనిది ఆస్ట్రేలియా జంతువు. పేరు మాత్రం మనదని వాడికి చెప్పండి.

ప్రశ్న: మా వీధిలో మ్యాన్‌హోల్ పొంగినప్పుడు మనుషులు దిగడం చూసి కడుపు తరుక్కుపోతుంది. కేరళలో ఆ పని చేసే యంత్రం ఉందని, దాని పేరు ‘బ్యాండికూట్’ అని విన్నాను. ఆ పేరెందుకు పెట్టారు?
– ఒక పాఠకుడు, అమీర్‌పేట

జవాబు: ఈ ఉత్తరం చదివి కాసేపు కలం కదలలేదు. ఆ యంత్రాన్ని తయారుచేసినవాళ్ళు కేరళలో ఇంజనీరింగ్ చదువుకున్న కుర్రాళ్ళు. సంస్థ పేరు జెన్‌రోబోటిక్స్. 2018లో తిరువనంతపురంలో దాన్ని పనిలోకి దించారు. పైన మనిషి తెర ముందు నిలబడి నడిపిస్తాడు. యంత్రం చేయి లోపలికి దిగి మట్టీ చెత్తా ఎత్తి పోస్తుంది. లోపల ఏముందో కెమెరాలు చూపిస్తాయి, విషవాయువు ఉంటే సెన్సర్లు చెబుతాయి. నేల కింద దారులు చేసుకుని తిరిగే జంతువు పేరు నేల కిందికి దిగే యంత్రానికి పెట్టుకున్నారు, బాగా కుదిరింది. మలయాళంలో, తమిళంలో ఆ జంతువు ‘పెరుచ్చాళి’, కన్నడంలో ‘హెగ్గణ’. సొంత మాట ఉండి కూడా వాళ్ళు ఇంగ్లీషు పేరు ఎంచుకున్నారు, ఆ పేరు తీరా చూస్తే తెలుగు.

వాళ్ళను ఈ పనికి కదిలించినది 2015 నవంబరులో కోళికోడ్‌లో జరిగిన ఘోరం. మ్యాన్‌హోల్‌లోకి దిగిన ఇద్దరు కార్మికులు ఊపిరాడక లోపలే పడిపోయారు. కాపాడదామని దిగిన స్థానిక ఆటో డ్రైవరు కూడా ప్రాణం వదిలాడు. ఆ కార్మికులిద్దరూ ఆంధ్రప్రదేశ్ నుంచి పని కోసం వెళ్ళినవాళ్ళు. మనవాళ్ళు పోయారు, మన మాట ఆ యంత్రం మీద మిగిలింది. తగిన రక్షణ లేకుండా మనిషిని మురుగులోకి దించకూడదని 2013లోనే చట్టం వచ్చింది. మీ వీధిలో ఈసారి ఎవరైనా తాడు కట్టుకుని దిగబోతే ఆపండి, ఫిర్యాదు చేయండి. మాటల గురించి రాసే శీర్షికలో ఈ సంగతి ఎందుకని ఎవరైనా అనుకుంటే అనుకోనీండి.

ప్రశ్న: మా మనవడు బడిలో ఇంగ్లీషు వ్యాసం రాస్తూ, మా ఊరి ధాన్యం కొట్టులో పందికొక్కులు ఉండేవని చెప్పబోయి, మాట తెలియక ‘బిగ్ ర్యాట్స్’ అని రాశాడు. ‘బ్యాండికూట్స్’ అని దిద్దించవచ్చా? గొప్పకు పెద్ద పదం వాడినట్టు అవుతుందేమోనని సందేహం.
– విశ్రాంత ఉపాధ్యాయుడు, ఎస్.ఆర్. నగర్

జవాబు: తప్పకుండా దిద్దించండి మాస్టారూ. గొప్ప కోసం వాడేది కాదు, అక్కడ సరిగ్గా సరిపోయే మాట అదొక్కటే. చిట్టెలుక, చుంచు, ఎలుక, పందికొక్కు: మన భాష వీటిని దేనికది విడిగా చూసింది. పందికొక్కు పెద్దదైతే కిలో దాకా తూగుతుంది. మూలకు తరిమితే వెంట్రుకలు నిక్కబొడుచుకుని పందిలా గుర్రుమంటుంది. పేరు పెట్టినవాళ్ళు చెవి పెట్టి విన్నవాళ్ళు. ‘బిగ్ ర్యాట్స్’ అంటే ఆ పరిశీలన అంతా పోతుంది.

అమీర్‌పేటలో ఇంగ్లీషు నేర్చుకునే పిల్లలు ఈ మాటను దూరదేశపు పదంగా బట్టీ పడుతుంటే నాకు బాధ కలుగుతుంది. వాళ్ళలో చాలామంది సేద్యం చేసే ఇళ్ళ నుంచి వచ్చినవాళ్ళు. గట్టు పక్కన బొరియ తవ్వి, అందులో దాచిన కంకులు తీయడం చూసినవాళ్ళు. ఆ జంతువు గురించి వాళ్ళకు తెలిసినంత, పుస్తకం రాసినవాడికి తెలియదు. పక్షిశాస్త్రంలో ‘పిట్టా’ అనే ప్రజాతి పేరు మన ‘పిట్ట’. ‘మంగూస్’ మరాఠీ మీదుగా వెళ్ళింది, మన ‘ముంగిస’కు దగ్గరి చుట్టం. ‘గోడౌన్’ మలయ్ భాషలోని ‘గుదాంగ్’ నుంచి వెళ్ళిందంటారు, దాని వెనక ‘గిడ్డంగి’ ఉందని చాలామంది పండితుల మాట. ఇవన్నీ మనవడికి ఒక్కొక్కటిగా చెప్పండి.

పాఠకులకు ఒక మనవి. మీ ఊళ్ళో పందికొక్కుకు ఇంకే పేరున్నా, దాన్ని పట్టే బుట్టకు, బోనుకు వేరే పేర్లున్నా, ఊరు పేరుతో సహా ఒక కార్డు ముక్క మీద రాసి పంపండి. వచ్చినవి వచ్చినట్టు ఈ శీర్షికలో వేస్తాను.