నాదోపాసకుడు షేక్ చిన మౌలానా సాహెబ్

ఊపిరిని స్వరంగా మలచే కళాకారునకు దేశభేదం లేదు. శాక్సొఫోన్ చేతబట్టి జాజ్ మేళాన్ని నడిపిన అమెరికా కళాకారుడు చార్లీ పార్కర్‌కూ, నాదస్వర మేళాన్ని నడిపిన మన షేక్ చిన మౌలానా సాహెబ్ గారికీ ఎదురైన పరీక్ష ఒక్కటే. ముందుగా వ్రాసిపెట్టని సంగీతాన్ని సభామధ్యమున అప్పటికప్పుడు సృష్టించడమే ఆ పరీక్ష. అట్టి శక్తి ఏ సాధనవల్ల అలవడునో మౌలానా గారి జీవితం విద్యార్థులకు బోధిస్తుంది.

మొదట వాద్యాలను పరిశీలిద్దాం. బెల్జియం దేశీయుడైన అడాల్ఫ్ శాక్స్ 1846లో శాక్సొఫోన్‌కు పేటెంటు పొందాడు. దాని దేహం లోహమే అయినా, ధ్వని పుట్టేది ఒక రెల్లుబద్ద కంపనం వలన. నాదస్వరం కొయ్యతో చేసిన వాద్యం. దాని పీకలో రెల్లుపొరలు జంటగా కంపిస్తాయి. శాక్సొఫోన్‌కు మీటలు కలవు. నాదస్వరానికి అవి లేవు. వేళ్ళకు అందే 7 రంధ్రాలను పూర్తిగానో, పాక్షికంగానో మూస్తూ, ఊపిరి ఒత్తిడిని పెదవులతో అదుపుచేస్తూ గమకాలను పలికించాలి. కనుకనే ఈ విద్య ఏళ్ళ తరబడి సాధనను కోరుతుంది.

మౌలానా గారు 1924లో నేటి ప్రకాశం జిల్లాలోని కరవదిలో జన్మించారు. నాదస్వరం వారి వంశవిద్య. తండ్రి కాసిం సాహెబ్ గారి వద్ద తొలిపాఠాలు నేర్చి, పిదప చిలకలూరిపేటకు చెందిన ఆదం సాహెబ్ గారి వద్ద శిక్షణ పొందారు. ఆంధ్రదేశమున కీర్తి లభించిన తరువాత కూడా ఆయన తృప్తిపడలేదు. తంజావూరు బాణీపై గల మక్కువతో తమిళదేశానికి వెళ్ళి, నాచ్చియార్‌కోయిల్ సోదరులు రాజం, దురైకణ్ణు గార్లకు శిష్యులైనారు. పేరు వచ్చిన వాడు మరల శిష్యుడు కావడం సామాన్య విషయం కాదు. అహంకారాన్ని విడిచిననాడే విద్య రెండవసారి ప్రారంభమవుతుంది.

ఆ బాణీలో రాగాలాపనకు పెద్దపీట. రాగస్వరూపాన్ని చెడనీయక, తొందరపడక, ఒక్కొక్క స్వరాన్ని విస్తరించాలి. పక్కన శ్రుతి, తాళం, డోలు నడుస్తుండగా, వాటన్నిటినీ ఒక్కత్రాటిపై నడిపించే బాధ్యత నాదస్వర విద్వాంసునిదే. సహకళాకారులకు అవకాశమిచ్చి, తిరిగి పల్లవిని అందుకొనే ఈ నాయకత్వం జాజ్ మేళనాయకునిలోనూ కనిపిస్తుంది.

శ్రీరంగంలో స్థిరపడిన మౌలానా గారు అక్కడ నాదస్వర విద్యాలయాన్ని నెలకొల్పి ఎందరికో విద్యాదానం చేశారు. ముస్లిముగా జీవించి, రంగనాథుని సన్నిధిలో నాదసేవ చేశారు. 1977లో పద్మశ్రీ, 1998లో మద్రాసు మ్యూజిక్ అకాడమీ వారి సంగీత కళానిధి బిరుదు వారిని వరించాయి. 1999లో వారు కీర్తిశేషులైనారు.

ఆయన శిష్యులైన షేక్ మహబూబ్ సుభానీ, కాలీషాబీ దంపతులు 2020లో పద్మశ్రీ పొందారు. మన గోదావరి ఒడ్డునగల భద్రాచల రామాలయంలో నాదసేవ చేసిన గోసవీడు షేక్ హసన్ సాహెబ్ గారికి మరణానంతరం 2022లో అదే గౌరవం లభించింది. కన్నడదేశమున నాదస్వర విద్వాంసుని కుమారుడైన కద్రి గోపాల్‌నాథ్ గారు శాక్సొఫోన్‌పైనే త్యాగరాజ కృతులను పలికించి, జాజ్ కళాకారులతో కలిసి వాయించారు.

అయితే వారసత్వం బిరుదులతో నిలువదు. గోదావరి డెల్టా గ్రామాలలో పెళ్ళిపందిరి ముందు సన్నాయి మేళం కూర్చున్నచోట నేడు తరచుగా యంత్రసంగీతమే మ్రోగుతున్నది. వినేవారు లేనిచోట నేర్చేవారు పుట్టరు. కావున విద్యార్థులారా, మీ ఊరి మేళగాళ్ళ ఎదుట ఒక్క రాగం ముగిసేవరకైనా కూర్చొని వినండి. కులమతాలను అడుగక గురువును మాత్రమే వెదకిన మౌలానా గారికి మనం చెల్లించగల గౌరవం అదియే.