ఉపవాసము పేరిట వచ్చు బోధ

పాఠ్యభాగము: యెషయా 58:1-12, అపొ. కార్యములు 17:10-12



2023 ఏప్రిల్ మాసమున కెన్యా దేశములోని షాకాహోలా అడవిలో సమాధులు త్రవ్వసాగిరి. కొన్ని మాసములలో 400కు పైగా శవములు బయల్పడెను; వారిలో పసివారనేకులు. ఆకలితో చనిపోయినయెడల యేసుప్రభువును త్వరగా చూతురని పాల్ మెకెంజీ అను బోధకుడు నేర్పెనని అభియోగము. న్యాయస్థానములో అతడు దాని నొప్పుకొనలేదు.

ఆ జనులు ఒక్క దినమున అడవికి పోలేదు. మొదట బడి చెడ్డదని వినిరి. తరువాత ఆసుపత్రి వద్దని వినిరి. అన్నము మానుట కడపటిది. ఆ బోధకుడు వాక్యములెత్తి చూపలేదా? చూపెను. దేవాలయ శిఖరముమీద అపవాదియు కీర్తన వాక్యమునే ఎత్తి చూపెను గదా!

యెషయా గ్రంథములో దేవుడు కోరిన ఉపవాసమేది? మన అన్నము ఆకలిగొన్నవానికి పెట్టుట. పసిబిడ్డ నోటియొద్ద కూడు తీయు ఉపవాసము అక్కడ లేదు. మన తల్లులు శుక్రవారము ఉపవాసముండియు బిడ్డలకు గంజి కాచి పోయుదురు. వారు యెషయాను బాగుగా గ్రహించిరని మేమనుకొందుము.

బెరయవారు పౌలు మాటలను సహా ప్రతిదినము లేఖనములతో సరిచూచిరి. అందుకు వారు మెప్పు పొందిరేగాని గద్దింపు పొందలేదు. ప్రశ్న అడుగనియ్యని బోధకుని విషయమై జాగ్రత్తపడుడి.

మందు మ్రింగుట అవిశ్వాసమని చెప్పువారు మన గ్రామములకును వచ్చుచుందురు. వారి మాట విని ఎవరైన క్షయకో చక్కెరవ్యాధికో వాడు మాత్రలు మానినయెడల, వాదమునకు దిగక ఆ యింటికి పొండి. వెలివేయకుడి, వెలివేసినవానికి ఆ బోధకుడొక్కడే మిగులును. సంఘ పెద్దలును స్త్రీల సమాజమువారును వంతులవారీగా వెళ్లి, వారితోకూడ భోజనము చేసి, మాత్రలెక్కడ పెట్టిరో మెల్లగా అడుగవలెను.