తెర మీద కేరళ: మలయాళ సినిమా, సమాజం

ఎందుకు చదవాలి?

కులం, భూసంస్కరణలు, వలస, స్త్రీల స్థితి: కేరళ సమాజంపై పరీక్షల్లో అడిగేవన్నీ మలయాళ సినిమాల్లో కథలై కనిపిస్తాయి. పేర్లు బట్టీ పట్టడం కన్నా, ఏ సినిమా వెనక ఏ మార్పు ఉందో పట్టుకుంటే జవాబుకు బలం వస్తుంది.

కులం

జె.సి. డేనియల్ తీసిన తొలి మలయాళ మూకీ ‘విగతకుమారన్’లో దళిత యువతి పి.కె. రోజీ నాయర్ స్త్రీ పాత్ర వేసింది. అగ్రవర్ణాల వాళ్లు సహించలేక దాడికి దిగారు. ఆమె ఊరు విడిచి పోవాల్సి వచ్చింది. మలయాళ సినిమా గొప్పతనం రాసేటప్పుడు ఈ అన్యాయాన్ని దాటేయకూడదు. దళిత యువతిని గర్భవతిని చేసి వదిలేసిన నాయర్ ఉపాధ్యాయుడి కథ ‘నీలక్కుయిల్’ (1954). తకళి శివశంకర పిళ్లై నవల ఆధారంగా రాము కారియాట్ తీసిన ‘చెమ్మీన్’ (1965) మత్స్యకారుల నమ్మకాలను చూపి, దక్షిణాదికి తొలి రాష్ట్రపతి స్వర్ణపతకం తెచ్చింది.

తరవాడు కూలిన వేళ

నాయర్ల ఉమ్మడి ఇల్లు తరవాడు. ఆస్తి తల్లి వైపు నుంచి వస్తుంది, పెత్తనం మాత్రం పెద్ద మేనమామది. దీన్నే మరుమక్కత్తాయం అంటారు. 1970లో అమలుకొచ్చిన భూసంస్కరణలు భూమి మీద ఈ ఇళ్ల పట్టు తీసేశాయి. 1975 నాటి చట్టం ఉమ్మడి కుటుంబ వ్యవస్థనే రద్దు చేసింది. అదూర్ గోపాలకృష్ణన్ ‘ఎలిప్పత్తాయం’ (1981)లో ఇంటి పెద్ద ఉన్ని ఈ మార్పును ఒప్పుకోడు. చెల్లెలు రాజమ్మ చాకిరీ మీద బతుకుతూ ఇంట్లోనే ముడుచుకుపోతాడు. ఆస్తి పోయినా మనిషిలో మిగిలే దొరతనాన్ని ఇంత సూటిగా చూపిన సినిమాలు మన దేశంలో తక్కువ.

గల్ఫ్

‘వరవేల్పు’ (1989)లో గల్ఫ్ నుంచి తిరిగొచ్చినవాడు బస్సు కొని దివాలా తీస్తాడు. ‘పత్తేమారి’ (2015)లో ఇంటికి డబ్బు పంపుతూ పంపుతూ మనిషే అరిగిపోతాడు. బెన్యామిన్ నవల నుంచి వచ్చిన ‘ఆడుజీవితం’ (2024) ఎడారిలో మందల మధ్య వెట్టిబతుకు. గల్ఫ్‌కు మనుషులను పంపే కరీంనగర్, నిజామాబాద్ ఇళ్లకూ ఈ బాధ పరాయిది కాదు.

ఊరు, వంటిల్లు

ఇడుక్కి కొండల్లో సాగే ‘మహేషింటె ప్రతీకారం’ (2016) తెలుగులోకి వస్తూ అరకు కథగా మారింది. జియో బేబీ ‘ది గ్రేట్ ఇండియన్ కిచెన్’ (2021) చదువుకున్న ఇంట్లోనూ కోడలిపై సాగే పెత్తనాన్ని నిలదీసింది. మలయాళ సినీ పరిశ్రమలోని స్త్రీల కష్టాలపై జస్టిస్ హేమ కమిటీ 2019 డిసెంబరులో ఇచ్చిన నివేదిక మాత్రం 2024 ఆగస్టు దాకా బయటికి రాలేదు.