సి డ్రైవ్ నిండిపోయింది, ఏ గేమ్ తీసేయాలి?

ప్రశ్నలు - జవాబులు

ఈసారి వచ్చిన ప్రశ్నల్లో చాలావాటిది ఒకటే మొర. కంప్యూటర్‌లో చోటు లేదు, గేములు తీసేద్దామంటే ఏం పోతుందోనని భయం. అందుకే మిగతావి పక్కనపెట్టి వీటికే జవాబులిస్తున్నాం. ఇక్కడ చెప్పేవన్నీ విండోస్ 10, విండోస్ 11 ఉన్నవాళ్లకు.

ప్రశ్న: మావాడు ఇంజినీరింగ్ రెండో ఏడు. 512 జీబీ ల్యాప్‌టాప్ కొనిచ్చాం. ఇప్పుడు సి డ్రైవ్ గీత ఎర్రబడింది, కాలేజీ ప్రాజెక్టుకు కావలసిన సాఫ్ట్‌వేర్ ఎక్కనంటోంది. డెస్క్‌టాప్ మీదున్న గేములన్నీ నేనే కూర్చుని డిలీట్ కొట్టాను. ఒక్క జీబీ కూడా ఖాళీ కాలేదు. అసలు కొన్నరోజే 476 జీబీ అని చూపించింది. షాపువాడు మోసం చేశాడంటారా? - ఓ తండ్రి, తణుకు

జవాబు: ముందు షాపాయన సంగతి తేల్చేద్దాం. ఆయన తప్పేం లేదండీ. డిస్కులు తయారుచేసేవాళ్ల లెక్కలో జీబీ అంటే వంద కోట్ల బైట్లు. విండోస్ లెక్కలో 1024ని మూడుసార్లు హెచ్చవేస్తే వచ్చేది, అంటే సుమారు 107 కోట్లు. కంపెనీ 512 అన్నది విండోస్‌కు 476గా కనిపించడం అందుకే. ఏ షాపులో కొన్నా ఇంతే.

ఇక మీరు డిలీట్ కొట్టినవి గేములు కావు, వాటి షార్ట్‌కట్లు. ఒక్కోటి నాలుగైదు కేబీలు కూడా ఉండదు. ఇంటిముందు పేరు బోర్డు పీకేస్తే అద్దెకున్నవాళ్లు ఖాళీ చేసినట్టు కాదుగా! గేమ్ మొత్తం లోపల భద్రంగా ఉంది.

కీబోర్డు మీద విండోస్ బటన్, ఐ కలిపి నొక్కితే సెట్టింగ్స్ వస్తాయి. అందులో యాప్స్, ఆ తర్వాత ఇన్‌స్టాల్డ్ యాప్స్. విండోస్ 10లో దీని పేరు యాప్స్ అండ్ ఫీచర్స్. జాబితా పైన 'సార్ట్ బై' దగ్గర సైజు ఎంచుకోండి. పెద్దవి పైకి వస్తాయి. తీయాలనుకున్నదాని పక్కన మూడు చుక్కలు నొక్కితే అన్‌ఇన్‌స్టాల్ కనిపిస్తుంది. విండోస్ 10లో పేరు మీద నొక్కితే చాలు. కొన్ని గేముల ఎదుట సైజు ఉండదు, స్టీమ్ అనే ఆన్‌లైన్ గేమ్ స్టోర్‌లో కొన్నవాటికి మరీను. వాటి కోసం స్టీమ్ తెరిచి, సెట్టింగ్స్‌లో స్టోరేజ్‌కి వెళ్లండి. ఏ గేమ్ ఎన్ని జీబీలు తింటోందో వరుసగా చూపిస్తుంది, అక్కడే టిక్ పెట్టి తీసేయొచ్చు.

తీసేటప్పుడు చిన్నవాటి జోలికి పోకండి. నెట్ సెంటర్ల కాలంనాటి వైస్ సిటీ ఉంటే ఉండనివ్వండి. 2003లో కంప్యూటర్లకు వచ్చిన ఆట అది, ఒకటిరెండు జీబీలకు మించదు. బరువంతా కొత్తవాటిది. జీటీఏ ఫైవ్ ఒక్కటే వంద జీబీల పైమాట. పైగా 2025లో దానికి ఎన్‌హాన్స్‌డ్ అని మరో రూపం వచ్చింది, పాతది లెగసీ పేరుతో అలాగే ఉంది. రెండూ వేసుకుని, ఒకటే ఆడుతున్నవాళ్లు చాలామంది. మీవాడి ల్యాప్‌టాప్‌లో ముందు చూడాల్సింది అదే. 2019లో వచ్చిన కాల్ ఆఫ్ డ్యూటీ మోడర్న్ వార్‌ఫేర్ అయితే అప్‌డేట్ల మీద అప్‌డేట్లు వచ్చి 200 జీబీలు దాటింది. ఆ వరుస గేముల్లో ఓ సౌకర్యం కూడా ఉంది. కథ నడిచే క్యాంపెయిన్ అయిపోయినవాళ్లు ఆ భాగం మాత్రమే తీసేసి, ఆన్‌లైన్ ఆట ఉంచుకోవచ్చు.

మరో మాట. డ్రైవ్‌లో పది శాతం కన్నా తక్కువ ఖాళీ ఉంటేనే విండోస్ ఆ గీతను ఎర్రగా చూపిస్తుంది. అరవై, డెబ్భై జీబీలు ఎప్పుడూ ఖాళీగా ఉండేలా చూసుకోమని మీవాడికి చెప్పండి. విండోస్ అప్‌డేట్లకు చోటు కావాలి, నిండిపోయిన ఎస్‌ఎస్‌డీ నెమ్మదిస్తుంది కూడా.

ప్రశ్న: స్టీమ్ సేల్‌లో డబ్బులు పెట్టి గేములు కొనుక్కున్నాను. తీసేస్తే మళ్లీ కొనాలా? ఒకదాంట్లో దాదాపు చివరిదాకా వచ్చాను. అదంతా పోతుందా? - డిగ్రీ విద్యార్థిని, విశాఖపట్నం

జవాబు: డబ్బుల గురించి బెంగ వద్దమ్మా. కొన్న గేమ్ మీ అకౌంట్ పేరు మీద ఉంటుంది, కంప్యూటర్ పేరు మీద కాదు. స్టీమ్‌లో అయినా, ఎపిక్‌లో అయినా అన్‌ఇన్‌స్టాల్ చేశాక అది లైబ్రరీలోనే ఉంటుంది. ఎప్పుడు కావాలంటే అప్పుడు మళ్లీ దింపుకోవచ్చు. ఒక్కటే జాగ్రత్త. స్టీమ్ సపోర్ట్ పేజీల్లో 'అకౌంట్ నుంచి గేమ్‌ను శాశ్వతంగా తొలగించు' అనే వేరే వీలు ఉంది. దాని జోలికి వెళ్లకండి. లైబ్రరీలో గేమ్ పేరు మీద రైట్ క్లిక్, మేనేజ్, అన్‌ఇన్‌స్టాల్. అంతే.

భయపడాల్సింది రెండో ప్రశ్నకే. ఎనభై జీబీల గేమ్ ఒక రాత్రిలో తిరిగొస్తుంది. మీరు నెలల తరబడి ఆడిన ఆట తాలూకు సేవ్ ఫైలు చాలాసార్లు ఒక ఫోన్ ఫొటో అంత కూడా ఉండదు, పోతే మాత్రం ఏ కంపెనీ తెచ్చివ్వలేదు.

స్టీమ్ లైబ్రరీలో గేమ్ పేజీ తెరిచి, ప్లే బటన్ పక్కన మబ్బు గుర్తు ఉందేమో చూడండి. క్లౌడ్ స్టేటస్ 'అప్ టు డేట్' అని ఉంటే మీ ఆట స్టీమ్ దగ్గర దాచి ఉన్నట్టే. నిశ్చింతగా తీసేయొచ్చు. ఆ గుర్తు లేకపోతే, లేదా సింక్ కాలేదంటే ఆగండి. అన్ని గేములకూ ఈ వసతి లేదు. చేయాలా వద్దా అన్నది గేమ్ తయారుచేసినవాళ్ల ఇష్టం.

క్లౌడ్ లేనివాటి సేవ్ ఫైళ్లు ఎక్కడుంటాయంటే, దానికి ఒక పద్ధతంటూ లేదు. కొన్ని డాక్యుమెంట్స్‌లో మై గేమ్స్ అనే ఫోల్డర్‌లో పెడతాయి. కొన్ని యూజర్ ఫోల్డర్‌లోని సేవ్డ్ గేమ్స్‌లో. చాలావరకు యాప్‌డేటా అనే దాచిన ఫోల్డర్‌లో లోకల్, లోకల్‌లో (LocalLow), రోమింగ్ అని మూడు గదులుంటే వాటిలో ఏదో ఒకదాంట్లో. జీటీఏ ఫైవ్ పాత రూపానిదైతే డాక్యుమెంట్స్, రాక్‌స్టార్ గేమ్స్, జీటీఏ ఫైవ్, ప్రొఫైల్స్ అని వరుసగా తెరుచుకుంటూ వెళ్లాలి. చివర్లో అంకెలూ అక్షరాలూ కలగలిసిన పేరుతో ఓ ఫోల్డర్, అందులో ఎస్‌జీటీఏతో మొదలయ్యే ఫైళ్లు. మీరు చేసిన మిషన్లు, కూడబెట్టిన డబ్బు అన్నీ అందులోనే.

మైన్‌క్రాఫ్ట్ ఆడేవాళ్లు ఇంకాస్త జాగ్రత్తగా ఉండాలి. జావా ఎడిషన్‌లో మీరు కట్టుకున్న ప్రపంచాలు రోమింగ్‌లోని మైన్‌క్రాఫ్ట్ ఫోల్డర్‌లో సేవ్స్ కింద ఉంటాయి. బెడ్‌రాక్ ఎడిషన్ అయితే గేమ్‌లోనే ఆ ప్రపంచం పక్కనున్న పెన్సిల్ గుర్తు నొక్కి, ఎక్స్‌పోర్ట్ వరల్డ్ కొట్టి, ఆ ఫైలు వేరేచోట దాచుకున్నాకే గేమ్ తీయండి. తమ్ముడో చెల్లో ఏడాదిగా కట్టుకున్న ఊరు అందులో ఉందంటే అన్‌ఇన్‌స్టాల్ బటన్ వాళ్లచేతే నొక్కించండి.

ఏ గేమ్ అయినా సేవ్ ఫోల్డర్ మొత్తాన్ని కాపీ చేసి పెన్‌డ్రైవ్‌లో పెట్టుకోండి. మళ్లీ ఎక్కించాక అదే చోట పేస్ట్ చేస్తే, చాలా గేముల్లో ఆగిన దగ్గర్నుంచే ఆడొచ్చు.

ప్రశ్న: మా బాబు ఇంటర్ రెండో సంవత్సరం. ఈఏపీసెట్ దగ్గరపడుతోంది. వాడు కోచింగ్‌కి వెళ్లినప్పుడు ల్యాప్‌టాప్‌లో గేములన్నీ చెప్పకుండా తీసేద్దామనుకుంటున్నాను. చోటూ వస్తుంది, చదువూ సాగుతుంది. ఎలా తీయాలో చెప్పండి. - ఓ తల్లి, గుంటూరు

జవాబు: ఎలా తీయాలో పైన చెప్పాం. చెప్పకుండా మాత్రం తీయకండమ్మా. మీ ఆదుర్దా అర్థమవుతోంది, కానీ దీనివల్ల మీరనుకున్నది జరగదు. లెక్క వేసి చూడండి. ఇంట్లో 100 ఎంబీపీఎస్ ఫైబర్ కనెక్షన్ ఉంటే వంద జీబీల గేమ్ రెండుంబావు గంటల్లో దిగుతుంది. 30 ఎంబీపీఎస్ అయినా ఏడున్నర గంటలు. మీరు పొద్దున తీస్తే వాడు రాత్రి డౌన్‌లోడ్ పెట్టి పడుకుంటాడు, తెల్లారేసరికి గేమ్ అక్కడే ఉంటుంది. ఈసారి పాస్‌వర్డ్ కూడా మారుస్తాడు. పోయేదల్లా వాడి సేవ్ ఫైళ్లు, మీ మీదున్న నమ్మకం.

వాణ్నే పక్కన కూర్చోబెట్టుకుని, క్లాసుల వీడియోలకు, మాక్ టెస్టులకు ఇంత చోటు కావాలని చెప్పండి. ఏవి తీయాలో వాణ్నే ఎంచుకోనివ్వండి. ఒక చిన్న గేమ్ ఉంచుకుంటానంటే ఒప్పుకోండి. ఆడే సమయానికి హద్దు కావాలంటే మైక్రోసాఫ్ట్ ఫ్యామిలీ సేఫ్టీ అని ఉచితంగా దొరికేది ఉంది, రోజుకు ఎంతసేపు అని అందులో పెట్టుకోవచ్చు. అది కూడా వాడికి చెప్పే పెట్టండి.

ప్రశ్న: గేమ్ అన్‌ఇన్‌స్టాల్ చేశాను. 70 జీబీలు రావాలి, 10 కూడా రాలేదు. మిగతాది ఏమైంది? - ప్రైవేటు ఉద్యోగి, వరంగల్

జవాబు: అడగకూడదు గానీ, ఆ గేమ్ ఎక్కడ దింపారు? స్టీమ్‌లోనో ఎపిక్‌లోనో కాకుండా ఎవరో కుదించి పెట్టినదాన్ని తెచ్చుకుంటే, ఆ సెటప్ ఫైళ్లు డౌన్‌లోడ్స్‌లో అలాగే ఉండిపోతాయి. నలభై జీబీల సెటప్, దాన్నుంచి ఎక్కిన డెబ్భై జీబీల గేమ్, రెండూ మోస్తూ తిరుగుతున్నవాళ్లు ఎందరో. అలాంటివి ఎక్కించేటప్పుడు యాంటీవైరస్ ఆపమనో, ఆ ఫోల్డర్‌ను చూడొద్దని చెప్పమనో అడుగుతారు. గేమ్ పోయినా ఆ మినహాయింపు పోదు. విండోస్ సెక్యూరిటీలో వైరస్ అండ్ థ్రెట్ ప్రొటెక్షన్, మేనేజ్ సెట్టింగ్స్, ఎక్స్‌క్లూజన్స్ దాకా వెళ్లి, అక్కడ ఏమైనా ఉంటే తీసేయండి. చోటు కన్నా ఇది ముఖ్యం.

సెటప్ కాదంటే వీడియోలు చూడండి. ఆడుతూ రికార్డు చేసిన క్లిప్పులు వీడియోస్‌లో క్యాప్చర్స్ అనే ఫోల్డర్‌లో పేరుకుపోతాయి. గేమ్ తీసినప్పుడు వాటినెవరూ ముట్టుకోరు. ఫోన్ గేముల కోసం బ్లూస్టాక్స్ వేసుకుని ఉంటే, దాని లోపల గేమ్ తీసినంత మాత్రాన అది పట్టిన చోటు తిరిగి రాదు. ఇక ఆడనంటే బ్లూస్టాక్స్‌నే తీసేయండి. వాలొరెంట్ తీసినవాళ్లు ఇన్‌స్టాల్డ్ యాప్స్ జాబితాలో రయట్ వాన్‌గార్డ్ అని, ఆటలో మోసాలను పట్టే సాఫ్ట్‌వేర్ విడిగా ఉందేమో చూసుకోవాలి. అది పట్టే చోటు కొంచెమే, కానీ కంప్యూటర్ ఆన్ చేసిన ప్రతిసారీ లేచి కూర్చుంటుంది. లీగ్ ఆఫ్ లెజెండ్స్ ఆడుతుంటే మాత్రం దాన్ని ఉంచండి, ఆ ఆటకూ అది కావాలి.

ఇవేవీ కాకపోతే విజ్‌ట్రీ అనే చిన్న ఉచిత సాఫ్ట్‌వేర్ వేసుకోండి. డ్రైవ్ మొత్తం జల్లెడపట్టి, ఎక్కువ చోటు తిన్న ఫోల్డర్‌ను పైన నిలబెడుతుంది. పేరు తెలియని ఫోల్డర్ విండోస్ లోపల కనిపిస్తే మాత్రం ముట్టుకోకండి. సెట్టింగ్స్, సిస్టమ్, స్టోరేజ్‌లో టెంపరరీ ఫైల్స్ కూడా ఓసారి శుభ్రం చేయండి. ఆ జాబితాలో డౌన్‌లోడ్స్ అని ఒక గడి ఉంటుంది. దానికి టిక్ పెడితే మీ డౌన్‌లోడ్స్ ఫోల్డర్ ఊడ్చుకుపోతుంది. పీఎఫ్ కాగితాలో, పిల్లల హాల్‌టికెట్లో అందులో ఉంటాయి, చూసుకోండి. రీసైకిల్ బిన్ ఖాళీ చేయడం చివరి పని.

ప్రశ్న: ఇంత తతంగమెందుకు? గేమ్ ఫోల్డర్‌ను నేరుగా డిలీట్ చేస్తే సరిపోదా? - కరీంనగర్ పాఠకుడు

జవాబు: చోటు వస్తుంది. కానీ స్టీమ్ ఆ గేమ్ ఇంకా ఉందనే అనుకుంటుంది, విండోస్ జాబితాలో పేరు అలాగే ఉంటుంది, తర్వాత అన్‌ఇన్‌స్టాల్ నొక్కితే ఫైలు దొరకలేదంటూ తప్పు చూపిస్తుంది. అప్పుడు అదే గేమ్ మళ్లీ ఎక్కించి సరిగ్గా తీయాల్సి రావచ్చు. రిజిస్ట్రీ క్లీనర్లు వేసుకుంటే సర్దుకుంటుందని యూట్యూబ్‌లో ఎవరైనా చెబితే వినకండి.

ప్రశ్న: తీయడం ఇష్టం లేదు. గేములు ఎక్స్‌టర్నల్ హార్డ్‌డిస్క్‌లోకి మార్చుకోవచ్చా? - ఐటీ ఉద్యోగి, హైదరాబాద్

జవాబు: నిక్షేపంగా. ముందు స్టీమ్ సెట్టింగ్స్‌లో స్టోరేజ్‌కి వెళ్లి ఆ డిస్క్‌ను చేర్చండి. తర్వాత గేమ్ మీద రైట్ క్లిక్, ప్రాపర్టీస్, ఇన్‌స్టాల్డ్ ఫైల్స్, మూవ్ ఇన్‌స్టాల్ ఫోల్డర్. మౌస్‌తో లాగి పడేయొద్దు. కానీ తిరిగే డిస్క్ మీద కొత్త గేములు విసిగిస్తాయి. స్టార్‌ఫీల్డ్ లాంటివాటికి ఎస్‌ఎస్‌డీ తప్పనిసరి అని తయారీదారులే చెప్పారు. సైబర్‌పంక్ 2077 కూడా 2023 నుంచి అదే మాట అంటోంది. హార్డ్‌డిస్క్‌ను గోదాములా వాడుకుని, ఆడేముందు మళ్లీ సి డ్రైవ్‌లోకి మార్చుకోండి. లేదా, మీ ల్యాప్‌టాప్‌లో రెండో ఎస్‌ఎస్‌డీకి స్లాట్ ఉందేమో మోడల్ నంబరుతో కంపెనీ సైట్‌లో చూడండి. ఉంటే డబ్బు అక్కడ పెట్టడం మేలు.

ప్రశ్నలు పంపేవారు విండోస్ 10నో 11నో, డ్రైవ్ ఎన్ని జీబీలో, ఎంత ఖాళీ ఉందో తప్పక రాయండి. స్క్రీన్ ఫొటో పంపితే అందులో మీ అకౌంట్ పేరు, ఈమెయిల్ కనిపించకుండా చూసుకోండి.