వీడియో ఆటలలో వర్ణ సమన్వయం : ఒక పరిశీలన

తెలుగులో రంగు, ఉర్దూలో రంగ్. మన కళాశాలలో ఉభయ భాషల విద్యార్థులూ దాదాపు ఒకే విధంగా పలికే మాటలలో ఇది ఒకటి. మాట ఒకటైనంత మాత్రాన, దాని వెనుక కన్ను చూచే దృశ్యం కూడా అందరికీ ఒకటే అవుతుందా? ఈ ప్రశ్న మాకు విద్యార్థులు వీడియో ఆట ఆడుకొంటున్న ఒక గదిలో ఎదురైంది. భాషాబోధకులమైన మాకు ఆ గదిలో ఏమి పని అని పాఠకులు అడుగవచ్చు. దానికి సమాధానం వ్యాసం చివర మనవి చేస్తాము. ముందుగా విషయాన్ని శాస్త్రరీత్యా పరిశీలిద్దాం.

తెరపై కనిపించే ప్రతి చిత్రం అతిసూక్ష్మమైన బిందువుల సముదాయం. ఒక్కొక్క బిందువులో ఎరుపు, ఆకుపచ్చ, నీలం అనే మూడు వెలుగులు ఉంటాయి. మన కంటిలో రంగును గ్రహించే శక్తులు మూడు రకాలుగా ఉండాలని థామస్ యంగ్ 1802లో ప్రతిపాదించాడు. మూడు వెలుగులను ఒకదానిపై ఒకటి ప్రసరింపజేసి వర్ణచిత్రాన్ని చూపవచ్చునని 1861లో జేమ్స్ క్లార్క్ మాక్స్‌వెల్ లండన్ నగరంలో ప్రదర్శించాడు. నేటి టెలివిజన్, కంప్యూటర్, చరవాణి తెరలన్నీ ఈ సూత్రం మీదనే పనిచేస్తున్నాయి. సాధారణంగా ఒక్కొక్క వెలుగుకు 0 నుండి 255 వరకు 256 మెట్లు ఉంటాయి. మూడింటి కలయికతో 1,67,77,216 రంగులు ఏర్పడతాయి.

ఇక్కడ ఒక చిక్కు ఉంది. సంకేతం సగమైతే వెలుగు కూడా సగమవుతుందని మనం అనుకొంటాము. అలా జరగదు. పూర్వపు గాజుగొట్టపు టెలివిజన్ల స్వభావం వలన ఏర్పడి నేటికీ కొనసాగుతున్న నియమం ప్రకారం, సంకేతాన్ని సుమారు 2.2 అనే ఘాతానికి పెంచితే వచ్చే విలువయే వెలుగు. ఈ ఘాతాన్నే గామా అంటారు. దీని ప్రకారం 50 శాతం సంకేతం ఇచ్చే వెలుగు సుమారు 22 శాతం మాత్రమే. ఇప్పుడు గామాను 2.2 నుండి 1.8కి తగ్గించామనుకొందాం. 90 శాతం సంకేతం వద్ద వెలుగు 79 నుండి 83 శాతానికి పెరుగుతుంది. ఈ తేడాను కన్ను పెద్దగా గుర్తించదు. 10 శాతం సంకేతం వద్ద మాత్రం వెలుగు 0.63 నుండి 1.58 శాతానికి, అనగా రెండున్నర రెట్లు పెరుగుతుంది. గామా మార్పు ప్రధానంగా చీకటి భాగాలపైనే పనిచేస్తుందని దీనివలన తెలుస్తున్నది. చీకటి కొట్టులో దాగిన శత్రువు కనబడటం, కనబడకపోవటం ఈ ఒక్క అంకెపై ఆధారపడి ఉండవచ్చు.

తెరలన్నీ ఒకే పద్ధతిలో రంగులను చూపాలనే ఉద్దేశంతో హ్యూలెట్ ప్యాకార్డ్, మైక్రోసాఫ్ట్ సంస్థలు 1996లో ఎస్‌ఆర్‌జీబీ అనే ప్రమాణాన్ని ప్రతిపాదించాయి. 1999లో అది అంతర్జాతీయ ప్రమాణమైంది. తెలుపు ఎంత తెల్లగా ఉండాలో కూడా అది నిర్ణయించింది. సుమారు 6500 కెల్విన్‌ల పగటి వెలుగే అందులోని తెలుపు. కెల్విన్ సంఖ్య తగ్గిన కొలదీ తెలుపు పసుపు వైపు, పెరిగిన కొలదీ నీలం వైపు మొగ్గుతుంది.

ప్రమాణం ఉన్నప్పుడు తెరను ఒక్కసారి సరిచేసి విడిచిపెట్టరాదా? ఆటకొక అమరిక ఎందుకు? ప్రతి ఆట వెనుకా దాని కర్తలు ఊహించుకొన్న ఒక తెర, ఒక గది, ఒక కన్ను ఉంటాయి. అవి అన్ని ఆటలకూ ఒకటి కావు. మా సమాధానం ఇదే. ఉదాహరణలతో వివరిస్తాము.

మొదట తెర సంగతి. జపాన్‌కు చెందిన నింటెండో సంస్థ 2001లో గేమ్ బాయ్ అడ్వాన్స్ అనే చేతి ఆటయంత్రాన్ని విడుదల చేసింది. దాని తెరలో అడ్డంగా 240, నిలువుగా 160 బిందువులు ఉండేవి. 32,768 రంగులను చూపగల శక్తి దానికి ఉన్నా, తెర వెనుక దీపం లేదు. బయటి వెలుతురు పడితేనే బొమ్మ కనబడేది. ఆ సంవత్సరమే వచ్చిన ‘కాసల్‌వేనియా: సర్కిల్ ఆఫ్ ది మూన్’ అనే ఆట ఆ తెరపై మరీ చీకటిగా ఉన్నదని ఆటగాళ్లు విమర్శించారు. 2002లో వచ్చిన తరువాతి ఆట ‘హార్మనీ ఆఫ్ డిసొనెన్స్’లో కర్తలు రంగులను బాగా కాంతివంతం చేశారు. 2003లో అదే యంత్రం దీపంతో కూడిన కొత్త రూపంలో వచ్చింది. చీకటి తెర కోసం కాంతివంతం చేసిన రంగులు నేటి వెలుగు తెరలపై కళ్లు జిగేలుమనేటట్లు కనిపిస్తాయి. ఇందులో కర్తల దోషం లేదు. వారి కాలపు తెరకు వారు న్యాయమే చేశారు. అటువంటి ఆటకు రంగుల గాఢతను తగ్గించి, గామాను కొంత పెంచితే అసలు రూపానికి చేరువవుతుంది. అదే అమరికను నేటి ఆటకు వాడితే బొమ్మ మసకబారి నిర్జీవమవుతుంది.

రెండవది గది. భయానక ఇతివృత్తం గల ఆటలలో ఆరంభంలోనే ఒక నల్లని చిత్రంపై మసక గుర్తును చూపి, అది కనబడీ కనబడనట్లు ఉండే వరకు వెలుగును సవరించుకొనమని సూచించటం పరిపాటి. చాలామంది విద్యార్థులు దీనిని చదువకుండానే దాటివేస్తారు. పగలు కిటికీ పక్కన కూర్చొని సరిచేసిన అమరిక రాత్రి దీపం ఆర్పిన గదిలో పనికిరాదు. గుర్తు స్పష్టంగా కనబడితే భయం పోయి చీకటి బూడిద రంగవుతుంది. అసలే కనబడకపోతే దారి తెలియదు.

మూడవది ఆడేవారి ప్రయోజనం. పోటీ ఆటలలో శత్రువు త్వరగా కనబడాలని చాలామంది ఆటగాళ్లు రంగుల గాఢతను పెంచుకొంటారు. ఎన్‌విడియా సంస్థ చిత్రఫలకాలలో ఇందుకు డిజిటల్ వైబ్రెన్స్ అనే అమరిక ఉంది. ఆట నడుస్తుండగానే, ఆ ఆటకు మాత్రమే రంగులు మార్చుకొనే ఫ్రీస్టైల్ అనే సౌకర్యాన్ని కూడా ఆ సంస్థ 2018లో ప్రవేశపెట్టింది. ఇక్కడ మితం అవసరం. గాఢతను అతిగా పెంచితే వేర్వేరు ఎరుపులన్నీ 255 అనే చివరి మెట్టుకు చేరి ఒకటైపోతాయి. కూరలో ఉప్పు ఎక్కువైతే మిగిలిన రుచులు తెలియనట్లే, సూక్ష్మభేదాలు నశిస్తాయి.

ఇక ఆచరణకు పనికివచ్చే క్రమాన్ని చెప్పుకొందాం. ముందుగా తెరపై నేరుగా వెలుతురు పడకుండా చూడాలి. తరువాత తెరలోని స్వంత అమరికలలో దుకాణాలలో మెరిపించటానికి ఉద్దేశించిన అతికాంతివంతమైన దానిని విడిచి, ఆటల కోసం ఉన్నదానిని ఎన్నుకోవాలి. తెలుపు 6500 కెల్విన్‌లకు దగ్గరగా ఉండాలి. చాలా టెలివిజన్లలో బ్యాక్‌లైట్ అనేది దీపపు వెలుగును, బ్రైట్‌నెస్ అనేది నలుపు స్థాయిని, కాంట్రాస్ట్ అనేది తెలుపు స్థాయిని మారుస్తాయి. నల్లని వస్త్రపు మడతలు, తెల్లని మేఘపు అంచులు రెండూ కనబడే చోట వీటిని నిలపాలి. అటుపిమ్మట ఆటలోని గామాను సవరించాలి. కొన్ని ఆటలలో ఈ అంకెల వరుస తారుమారుగా ఉంటుంది. కనుక అంకెను నమ్మక చిత్రాన్నే చూడాలి. గాఢత జోలికి చివరనే పోవాలి. కుదిరిన అమరికను ఆట పేరుతో భద్రపరచుకోవాలి. ఆ సౌకర్యం లేనిచోట అంకెలను నోటు పుస్తకంలో వ్రాసుకొన్నా చాలు.

ఇంతవరకు తెరను, గదిని, ప్రయోజనాన్ని చూచాము. మిగిలినది కన్ను. మా ఉద్దేశంలో అన్నిటికంటె ముఖ్యమైనది అదే.

ఒకనాటి సాయంత్రం వసతిగృహంలోని ఒక గది నుండి కేకలు వినబడి లోపలికి వెళ్ళాము. నలుగురు విద్యార్థులు రెండు జట్లుగా ఆడుతున్నారు. ఒక జట్టు గుర్తు ఎరుపు, రెండవది ఆకుపచ్చ. “ఒరే, మళ్ళీ మనవాణ్ణే కొట్టావురా!” అని ఒక విద్యార్థిని తక్కినవారు ఎగతాళి చేస్తున్నారు. అతడు నవ్వుతున్నాడు గాని ఆ నవ్వులో సంతోషం లేదు. వారిలో చిన్నవాడొకడు అమరికలు తెరచి, జట్ల గుర్తులను నీలం, పసుపులుగా మార్చాడు. తరువాతి ఆటలో ఆ విద్యార్థి ఒక్క పొరపాటు కూడా చేయలేదు. గది నిశ్శబ్దమైంది.

మరునాడు అతనిని పిలిచి మాట్లాడాము. అతడు మా తెలుగు తరగతి విద్యార్థియే. తప్పులను ఎర్ర సిరాతోను, మంచి ప్రయోగాలను ఆకుపచ్చ సిరాతోను గుర్తించటం మా అలవాటు. మేము మెచ్చుకొన్న వాక్యాలను కూడా అతడు కొట్టివేసి తిరగవ్రాసేవాడు. అది అశ్రద్ధ అని తలచి, తరగతిలో అందరి ఎదుట రెండు పర్యాయాలు మందలించాము. “సార్, నాకు ఆ రెండూ ఒకే సిరాలాగా కనబడతాయి. చెబితే నవ్వుతారని చెప్పలేదు” అన్నాడు. ఆ మాట విన్న తరువాత చాలాసేపు మాకు నోట మాట రాలేదు.

ఈ లోపాన్ని వర్ణాంధత్వం అంటారు. సుప్రసిద్ధ రసాయన శాస్త్రవేత్త జాన్ డాల్టన్ తనకే ఈ లోపం ఉన్నదని గ్రహించి 1794లో దానిని వివరించాడు. తన కంటిలోని ద్రవం నీలంగా ఉండటమే కారణమని భావించి, మరణానంతరం పరీక్షించమని కోరాడు. 1844లో పరీక్షించగా ద్రవం నిర్మలంగానే ఉంది. భద్రపరచిన ఆ కంటి నుండి 1995లో జన్యు పరీక్ష జరిపి, ఆకుపచ్చను గ్రహించే వర్ణద్రవ్యం అతనికి లేదని తేల్చారు. ఐరోపా సంతతి పురుషులలో సుమారు 8 శాతం మందికి, స్త్రీలలో సుమారు అర శాతం మందికి ఏదో ఒక స్థాయిలో ఎరుపు, ఆకుపచ్చల భేదం సరిగా తెలియదు. సంబంధిత జన్యువులు ఎక్స్ క్రోమోజోముపై ఉండటమే పురుషులలో ఇది ఎక్కువగా ఉండటానికి కారణం. సంఖ్యలో పలచని వర్ణభేదం ఇలా ఉన్నవారందరూ పూర్తిగా రంగులు లేని లోకంలో బ్రతుకుతున్నారని తలచరాదు. నీలం, పసుపుల భేదం వారిలో చాలామందికి చక్కగా తెలుస్తుంది. ఆ చిన్నవాడు చేసిన మార్పు ఫలించినది అందువలననే.

నేటి ఆటలు కొన్ని ఈ విషయంలో ఆదర్శప్రాయంగా ఉన్నాయి. 2020లో వచ్చిన ‘ది లాస్ట్ ఆఫ్ అస్ పార్ట్ 2’ అనే ఆటలో అరవైకి పైగా సౌలభ్య అమరికలు ఉన్నాయి. వాటిలో ఒకటి పరిసరాలను వెలవెలబరచి, మిత్రులను, శత్రువులను వేర్వేరు రంగులలో ప్రస్ఫుటం చేస్తుంది. తెరనంతటినీ ఒక రంగులో ముంచే అమరిక కంటె, అవసరమైన గుర్తులను మాత్రమే మార్చే అమరిక మేలు. రంగుతోబాటు ఆకారభేదం కూడా ఉంటే మరీ మేలు.

ఆట తయారుచేసేవారికి ఉన్న ఈ శ్రద్ధ పాఠం చెప్పే మాకు లేకపోవటం సిగ్గుచేటనిపించింది. నాటి నుండి మేము తప్పు క్రింద గీత, మంచి ప్రయోగం పక్కన నక్షత్రం వేస్తున్నాము. సిరా ఏదైనా ఫరవాలేదు. ఆ విద్యార్థిని మందలించిన తరగతిలోనే, పొరపాటు మాదేనని అందరి ఎదుట చెప్పాము.

కళాశాల కమిటీ పెద్దలకు మా మనవి ఒక్కటే. ప్రవేశ సమయంలో విద్యార్థుల వర్ణదృష్టిని కూడా పరీక్షింపజేయాలి. 1917 నుండి వాడుకలో ఉన్న ఇషిహరా చుక్కల పటాలతో ఇది కొద్ది నిమిషాలలో ముగిసే పని. పటాలలో, ప్రకటనలలో రంగు ఒక్కదానినే ఆధారం చేయకుండా చూడాలి. విద్యార్థులారా! మీ స్నేహితుడు ఆటలో పదే పదే పొరబడితే నవ్వే ముందు ఒకసారి అమరికలు తెరచి చూడండి. లోపం అతని ఆటలో కాక, మీరిద్దరూ చూస్తున్న తెరలోనే ఉండవచ్చు.