అడగకుండా గుమ్మం తొక్కకు

చిరంజీవి అమ్మలుకి,


చెన్నై ఆఫీసర్స్ ట్రైనింగ్ అకాడమీ నుంచి నువ్వు రాసిన ఉత్తరం అందింది. యుద్ధంలో ఏం నేర్చుకున్నావు తాతయ్యా అని అడిగావు. తుపాకీ పట్టడం నీకు అక్కడ నేర్పుతారు. తుపాకులు ఆగాక ఊళ్ళోకి ఎలా అడుగుపెట్టాలో నేను చెప్తాను.

1971 డిసెంబరు, బంగ్లాదేశ్ విముక్తి యుద్ధం. నాకు 22 ఏళ్ళు, సైన్యం సిగ్నల్స్‌లో లైన్‌మన్‌ని. డిసెంబరు 7న మన సైన్యం జెస్సోర్‌లో అడుగుపెట్టింది. ముందు రాత్రే పాకిస్తాన్ దళాలు ఖుల్నా వైపు, మాగురా వైపు వెళ్ళిపోయాయి. ఆ వెనకే మేం టెలిఫోన్ తీగ లాక్కుంటూ ఊరూరా తిరిగాం.

తెల్లవారుజామున మంచులో ఒక ఊరు కనబడింది. అచ్చం మన ఊరే అనిపించింది తల్లీ. గట్ల మీద ఈతచెట్లు, వాటికి లొట్లు. మన దగ్గర కల్లు గీస్తారు, జెస్సోర్ వాళ్ళు చలికాలంలో ఆ రసం కాచి బెల్లం వండుతారు. చేలల్లో వరి పండి వాలిపోయింది, కోసే మనిషి లేడు. ఊరివాళ్ళలో కొందరు చెరువు అవతల వెదురుపొదల్లో దాక్కున్నారు. చాలామంది సరిహద్దులో బెనాపోల్ దాటి, బొంగావ్ వైపు మన శిబిరాల్లో ఉన్నారు. ఆ ఏడాది అలా మన దేశానికి వచ్చినవాళ్ళు సుమారు కోటిమంది.

రోడ్ల మీద జనం 'జై బంగ్లా' అంటూ మాకు దండలు వేశారు. ఫోటోల్లో నువ్వు చూసింది అదే. రోడ్డు దిగి లోపలి ఊళ్ళకి వెళ్తే మమ్మల్ని చూడగానే పిల్లలు పరిగెత్తేవాళ్ళు. పాకిస్తాన్ సైన్యానిది ఖాకీ, మాది ఆకుపచ్చ. ఆ తేడా మాకు తెలుసు, ఐదేళ్ళ బిడ్డకి తెలియదు. మార్చిలో పాకిస్తాన్ సైన్యం దాడులు మొదలెట్టినప్పటి నుంచీ ఆ బిడ్డ విన్న బూట్ల చప్పుడుకి ఒకటే అర్థం. విముక్తి చేశాం కదా, మమ్మల్ని చూసి నవ్వాలి కదా అనుకోవడం మా తప్పు. భయం సైన్యంతోపాటు వెళ్ళిపోదు.

ఇప్పుడు మీ నాయనమ్మకి కూడా చెప్పని సంగతి ఒకటి చెప్తాను. ఆ ఊళ్ళో తలుపుల్లేని ఒక ఇంట్లో ఇత్తడి చెంబు కనబడింది. ఎవరూ లేరు కదా అని సంచిలో వేసుకున్నాను. మా హవల్దారు చూశాడు. తిట్టలేదు. "ఎక్కడ తీశావో అక్కడే పెట్టిరా" అన్నాడు. నాలుగు రోజుల తర్వాత శిబిరం నుంచి ఒక ముసలావిడ ఆ ఇంటికి తిరిగొచ్చింది. ఆవు లేదు, గాదెలో ధాన్యం లేదు. మిగిలిందల్లా ఆ చెంబే. దాంతోనే చెరువు నీళ్ళు తెచ్చుకుని పొయ్యి వెలిగించింది. ఇప్పటికీ ఇత్తడి చెంబు చూస్తే నా చెయ్యి వెనక్కి పోతుంది.

దోపిడీ చేసినా, ఆడవాళ్ళ జోలికి వెళ్ళినా సహించేది లేదని అప్పటి సైన్యాధిపతి జనరల్ మానెక్‌షా ముందే గట్టిగా ఆదేశించారు. 1949 నాటి జెనీవా ఒప్పందం దోపిడీని నిషేధించింది. ఆర్మీ యాక్టు ప్రకారం యుద్ధకాలంలో దోచుకోవడానికి ఇంట్లో చొరబడితే 14 ఏళ్ళ దాకా జైలు. అయితే ఖాళీ ఇంట్లో నిలబడ్డ కుర్రాడికి చట్టం గుర్తురాదు, పక్కనున్న హవల్దారు గుర్తొస్తాడు. రేపు ఆ పక్కన నిలబడాల్సింది నువ్వు.

ఒక ఇంటి తలుపు రెండు రోజులు తెరుచుకోలేదు. లోపల ఆడవాళ్ళున్నారని చెప్పి పెద్దాయన మేం తెచ్చిన బియ్యం గడపలోనే తీసుకున్నాడు. మేం వెనక్కి వచ్చేశాం. మాతో ఆడవాళ్ళు లేరు. అప్పట్లో సైన్యంలో స్త్రీలంటే డాక్టర్లు, నర్సులే, మిగతా విభాగాల్లోకి 1992 నుంచి తీసుకున్నారు. పాకిస్తాన్ సైన్యం చేతిలో చెరపడ్డ ఆడవాళ్ళని బంగ్లాదేశ్ ప్రభుత్వం 'వీరాంగనలు' అంది, కానీ ఎన్నో కుటుంబాలు వాళ్ళని ఇంట్లోకి రానివ్వలేదు. నువ్వు వెళ్తే అలాంటి తలుపు తెరుచుకోవచ్చు. ఏం జరిగిందని అడగకు. నీళ్ళు కావాలా, డాక్టరు కావాలా అని అడుగు. చెప్పాలనిపిస్తే ఆమే చెప్తుంది.

గెలిచినవాళ్ళ పగ నుంచి కూడా జనాన్ని కాపాడాలి. అక్కడ పాకిస్తాన్ సైన్యానికి తోడు నిలిచినవాళ్ళని రజాకార్లు అన్నారు. వాళ్ళ మీద కోపంతో జనం ఏ పాపం ఎరగని ఉర్దూ మాట్లాడే కుటుంబాల మీద పడ్డారు. మన సైనికులు చాలాచోట్ల వాళ్ళకి కాపలా ఉన్నారు. ఇలాంటి పగ మనకి కొత్త కాదు. 1948లో హైదరాబాదు సంస్థానంలో నిజాం రజాకార్ల పీడ వదిలాక, మామూలు ముస్లింలు వేల సంఖ్యలో బలయ్యారని విచారణకి వెళ్ళిన సుందర్‌లాల్ కమిటీ రాసింది. నిన్నటిదాకా ఏడ్చినవాడు ఇవాళ కత్తి పట్టుకుని వస్తే, వాడి బాధ నిజమే అయినా, నువ్వు అడ్డు నిలబడాలి.

మందుపాతరల సంగతి మరిచిపోకు. 1972 జనవరి 6న దినాజ్‌పూర్‌లో ఒక బడిలో పోగుచేసిన మందుపాతరలు పేలి బంగ్లా విముక్తి దళమైన ముక్తివాహిని కుర్రాళ్ళు వందలమంది చనిపోయారు. అప్పటికి యుద్ధం ముగిసి మూడు వారాలు. చేను వెతికి చూసేదాకా రైతుని గట్టు దిగనివ్వకు.

చివరిగా, వెళ్ళిపోవడం తెలుసుకో. 1972 మార్చి 12న ఢాకాలో మన సైన్యం వీడ్కోలు కవాతు జరిగింది. పాకిస్తాన్ సైన్యం లొంగిపోయి అప్పటికి ఇంకా మూడు నెలలు నిండలేదు. ఊరు ఊరివాళ్ళది, మనం దారినపోయేవాళ్ళం.

అమ్మలూ, నీ భుజం మీద ఎన్ని నక్షత్రాలు వచ్చినా సరే, పరాయి ఇంటి గుమ్మం ముందు ఆగు. పిలిచేదాకా ఆగు.

ఇట్లు,
మీ తాతయ్య